భావాలను కొట్టే అస్త్రానికి హద్దు ఎక్కడ ఉంటుంది?

మీ ప్రశ్న సారాంశం ఇది. మీరు రాస్తున్న ఫాంటసీ నవలలో రెండు అస్త్రాలున్నాయి. మొదటిదైన నిర్భావాస్త్రం, ప్రయోగించినవాడు ఎంచుకున్న ఒక భావనను ఎదుటివాళ్ల మనసుల్లోంచి తుడిచేస్తుంది. మీ మూడో అధ్యాయంలో ముట్టడిలో ఉన్న ఒక కోటలో ‘శత్రువు’ అన్న ఊహే లేకుండా పోయి, సైనికులు కత్తులు దించేస్తారు. రెండోదైన అభూతాస్త్రం జరిగిన సంఘటనను జరగనిదిగా చేస్తుంది. రాతప్రతి చదివిన మీ మిత్రులు “ఇలాంటివి చేతిలో ఉన్నాక ఇక యుద్ధం దేనికి?” అన్నారు. అందుకని ఈ అస్త్రాలకు హద్దులు ఎలా పెట్టాలో చెప్పమన్నారు. ఇవి పాశ్చాత్య సైన్స్ ఫిక్షన్ నుంచి తెచ్చి అతికించినట్టు కనిపిస్తాయేమోనని కూడా సందేహపడ్డారు.

రెండో సందేహం సులువుగా తీరుతుంది కాబట్టి ముందు దాని సంగతి చూద్దాం. ఒంటిని వదిలి మనసును, నమ్మకాన్ని, ఎరుకను కొట్టే ఆయుధాలు మన ఇతిహాసాల్లో పుష్కలంగా ఉన్నాయి. ఉద్యోగపర్వంలో పరశురాముడితో పోరాడుతున్న భీష్ముడికి కలలో ప్రస్వాపాస్త్రం స్ఫురిస్తుంది. అది చంపదు, నిద్రపుచ్చుతుంది. మళ్లీ లేపడానికి సంబోధనాస్త్రం వేరే ఉంది. విరాటపర్వంలో అర్జునుడు వేసిన సమ్మోహనాస్త్రానికి కౌరవసేన నిలుచున్నచోటే స్మృతి తప్పుతుంది. కాబట్టి అరువు తెచ్చుకున్నారన్న మాట ఎవరైనా అంటే మీరు నొచ్చుకోనక్కరలేదు. అయితే ‘అస్త్రం’ అన్న పేరు పెట్టుకున్నందుకు దానితో పాటు వచ్చే క్రమశిక్షణను కూడా మీరు తీసుకోవాలి. ప్రయోగానికి, ఉపసంహారానికి, అధికారానికి నియమం లేని అస్త్రం ఆ కథల్లో దాదాపుగా కనిపించదు. మీ రాతప్రతిలో లోపించింది అదే.

ఇక హద్దుల విషయం. కొత్తగా రాసేవాళ్లు సాధారణంగా అస్త్రానికే పరిమితులు తగిలిస్తారు: రోజుకు ఒక్కసారే పనిచేస్తుంది, నూరు బారల దూరమే వెళ్తుంది, వాడినవాడి ఆయుష్షు తగ్గుతుంది, ఇలాగ. ఇవి తప్పులు కావు గానీ, రాళ్లు విసిరే యంత్రానికైనా ఇవే పెట్టవచ్చు. భావాన్ని కొట్టే ఆయుధానికి ప్రత్యేకమైనది ఇందులో ఏమీ లేదు. బాణానికి బలం వింటినారి నుంచి వస్తుంది. భావాన్ని కొట్టే ఆయుధానికి బలం తగిలినవాడి నుంచే వస్తుంది. అతను దేనిని నమ్ముతున్నాడు, దేనికి భయపడుతున్నాడు, ఎవరి మాటకు విలువ ఇస్తున్నాడు అన్నవే దాని ఇంధనం. అందువల్ల దాని హద్దులను కూడా అతనిలోనే వెతకాలి. మీ అస్త్రం ఏమి చేయగలదో రాసుకునే ముందు, అది ఎవరి మీద పనిచేయదో, ఎందుకు పనిచేయదో రాసుకోండి.

ద్రోణుడి విషయం చూడండి. యుద్ధం మొదలయ్యే రోజున ధర్మరాజు ఆశీస్సుల కోసం వచ్చినప్పుడు, నమ్మదగినవాడి నోట మిక్కిలి అప్రియమైన మాట వింటే తాను ఆయుధం వదిలేస్తానని ద్రోణుడే స్వయంగా చెబుతాడు. తన మీద ప్రయోగించవలసిన ఆయుధం ఏమిటో తానే చెప్పాడన్నమాట. పదిహేనో రోజున భీముడు మాళవరాజు ఇంద్రవర్మ ఏనుగును, అశ్వత్థామ అన్న పేరు గలదాన్ని చంపి, అశ్వత్థామ చచ్చాడని అరుస్తాడు. ద్రోణుడికి గుండె జారుతుంది గానీ కొడుకు బలం తెలిసినవాడు కనుక నమ్మకుండా యుద్ధం కొనసాగిస్తాడు. అదే మాట ధర్మరాజు నోట వచ్చినప్పుడు మాత్రమే పనిచేసింది. ఆ వాక్యానికి శక్తి దాని అర్థం నుంచి రాలేదు. ధర్మరాజు ఒక జీవితకాలం కూడబెట్టుకున్న సత్యసంధత నుంచి వచ్చింది. భూమికి నాలుగు అంగుళాల ఎత్తున నడిచే అతని రథం ఆ క్షణంలోనే నేలకు తగిలింది. ఆ ఆయుధం అతని చేతిలో ఒక్కసారి మాత్రమే పేలుతుంది, పేలిన తరువాత అతను మునుపటివాడు కాడు. ఇంత కట్టుదిట్టమైన పరిమితిని “రోజుకు ఒక్కసారి” వంటి నియమం ఎన్నటికీ ఇవ్వలేదు.

సమ్మోహనాస్త్రం దగ్గర కూడా నాకు నచ్చేది అస్త్రం కాదు, దాని తరువాతి ఘట్టం. శత్రువులు స్మృతి తప్పి ఉండగా, బొమ్మలకు బట్టలు తెమ్మన్న ఉత్తర కోరికను గుర్తు పెట్టుకున్న అర్జునుడు ఉత్తరకుమారుణ్ణి రథం దింపి, ద్రోణ కృపుల తెల్లని వస్త్రాలు, కర్ణుడి పచ్చని వస్త్రం, అశ్వత్థామ దుర్యోధనుల నీలి వస్త్రాలు తెమ్మంటాడు. భీష్ముడికి ప్రతిక్రియ తెలుసు కాబట్టి అతనికి స్మృతి తప్పి ఉండదని, అతని గుర్రాలను ఎడమవైపు ఉంచుకుని జాగ్రత్తగా నడవమని హెచ్చరిస్తాడు. అస్త్రానికి లోబడనివాడు ఒకడు అక్కడే మెలకువగా ఉన్నాడు. తమ మనసులకు ఏదో జరిగిందనడానికి మేలుకున్నవాళ్ల ఒంటి మీద పైబట్ట లేకపోవడం సాక్ష్యంగా మిగిలింది. మనసును కొట్టే ఆయుధం గురించి రాసేటప్పుడు చేతికి తగిలే ఆనవాలు ఒకటి తప్పక ఉండాలి. అది లేకపోతే, జరిగింది జరిగినట్టు పాఠకుడికి రచయిత చెప్పుకోవడమే మిగులుతుంది.

భ్రమను కల్పించే ఆయుధాలలో నా దృష్టిలో అన్నిటికన్నా లోతైనది సాళ్వుడి మాయ. జూదం నాడు తాను ద్వారకలో ఎందుకు లేడో శ్రీకృష్ణుడు అరణ్యపర్వంలో ధర్మరాజుకు వివరిస్తూ ఈ కథ చెబుతాడు. సౌభం అనే ఆకాశనగరం మీద ఉన్న సాళ్వుడితో యుద్ధం జరుగుతుండగా, ద్వారక నుంచి వచ్చినట్టున్న ఒక మనిషి దగ్గరికి వచ్చి, సాళ్వుడు ద్వారకకు వెళ్లి వసుదేవుణ్ణి చంపాడని ద్వారక రాజు ఆహుకుడు చెప్పి పంపాడంటాడు. ఇక్కడ మనం చూడవలసింది కృష్ణుడి ఆలోచన సాగిన తీరు. బలరాముడు, సాత్యకి, ప్రద్యుమ్నుడు బతికి ఉండగా వసుదేవుణ్ణి ఇంద్రుడు కూడా చంపలేడు. వసుదేవుడు పోయాడంటే వాళ్లందరూ పోయి ఉండాలి. సాళ్వుడు చెప్పించిన అబద్ధం ఒక్కటే. మిగిలిన చావులన్నీ కృష్ణుడి తర్కమే పుట్టించింది. వినేవాడు ఎంత తెలివైనవాడైతే దెబ్బ అంత లోతుగా దిగుతుంది. ఆ తరువాత సౌభం మీది నుంచి వసుదేవుడే జుట్టు చెదిరి, బట్టలు మాసి కిందికి పడుతున్నట్టు కనబడగా, కృష్ణుడి చేతిలోంచి శార్ఙ్గమనే విల్లు జారిపోతుంది. తేరుకుని చూస్తే అక్కడ సౌభమూ లేదు, శత్రువూ లేడు, తండ్రీ లేడు. అప్పుడు అది మాయ అని తెలుసుకుంటాడు. (భాగవతం దశమస్కంధంలో ఇదే కథ చెప్పిన శుకుడు, కొందరు ఋషులు ఇలా అంటారు గానీ కృష్ణుడికి మోహమేమిటి అని ఒప్పుకోడు. కథకుడే తన కథలోని ఆయుధం ఇతని మీద పనిచేయదని అడ్డం పడటం విచిత్రమే.)

రామాయణం యుద్ధకాండలో ఇంద్రజిత్తు మాయాసీతను హనుమంతుడి కళ్ల ముందు చంపిన ఘట్టం దీనికి సాటి వస్తుంది. ఆ వార్త విని రాముడు కుప్పకూలితే, అతణ్ణి ఓదార్చవలసిన లక్ష్మణుడు ధర్మం వల్ల ఒరిగింది ఏమీ లేదని, అసలు ధర్మమనేదే లేదేమోనని సుదీర్ఘంగా వాదిస్తాడు. ఒక బొమ్మను నరికితే దెబ్బ ధర్మం మీద నమ్మకానికి తగిలింది. విభీషణుడు వచ్చి ఇది మాయ అని, నికుంభిలలో హోమం పూర్తి చేసుకోవడానికి ఇంద్రజిత్తు వ్యవధి సంపాదించుకుంటున్నాడని చెప్పేదాకా అది నిలిచే ఉంది. ప్రయోగించినవాడికి ఒక లెక్క ఉన్నదని, ఆ లెక్క గెలుపు కోసం కాక కొంత సమయం కోసం వేసినదని గమనించండి. మీ సేనాపతి మాత్రం తన అస్త్రంతో ఒక్క దెబ్బకు యుద్ధం ముగించాలనుకుంటున్నాడు. మీ మిత్రుల విసుగుకు సగం కారణం అక్కడే ఉంది.

కల్పనకు బయట కూడా ఈ సూత్రం ఇలాగే పనిచేసింది. రెండో ప్రపంచయుద్ధంలో జర్మన్లను మోసగించడానికి, 1943 ఏప్రిల్ 30న బ్రిటిష్ వాళ్లు విలియం మార్టిన్ అనే లేని మేజరు పేరుతో ఒక శవాన్ని స్పెయిన్‌లోని వెల్వా తీరానికి కొట్టుకుపోయేలా సముద్రంలో వదిలారు. దాడి గ్రీసు, సార్డీనియాల మీద జరుగుతుందని సూచించే ఉత్తరాలు అతని పెట్టెలో ఉన్నాయి. వాటిని నమ్మించడానికి జేబుల్లో థియేటరు టికెట్ల ముక్కలు, నిశ్చితార్థపు ఉంగరం కొన్న బిల్లు, ఖాతాలో ఉన్నదానికి మించి వాడుకున్నారని బ్యాంకు రాసిన ఉత్తరం పెట్టారు. బాల్కన్ల మీద దాడి జరుగుతుందన్న భయం హిట్లరుకు ముందే ఉండటం వల్ల ఆ కాగితాలు అంత బాగా అతికాయి. అసలు దాడి జులై 10న సిసిలీ మీద జరిగింది.

ఇప్పుడు మీ మూడో అధ్యాయానికి వస్తాను. ‘శత్రువు’ అన్న భావన పోగానే సైనికులు కత్తులు దించేయడం మరీ సౌకర్యంగా ఉంది. భావనలు ఒంటరిగా ఉండవు. పందిట్లో ఒక గుంజ పీకితే పందిరి పక్క గుంజల మీదికి ఒరిగినట్టు, ఒకటి పోతే దాని బరువు చుట్టుపక్కలవాటి మీద పడుతుంది. మీ కోటలో ఆ సాయంత్రం ఏం జరుగుతుందో నిదానంగా ఊహించండి. ద్వారపాలకుడు పొద్దు గుంకగానే తలుపు వేసి అడ్డగడియ వేస్తాడు, ఎందుకంటే ప్రతిరోజూ వేస్తున్నాడు. చేతికి అలవాటు ఉంది, కారణం లేదు. బయట నిలబడ్డవాణ్ణి సంకేతపదం అడుగుతాడు, అడిగాక తాను దాన్ని దేనికి అడిగాడో తెలియక తెల్లముఖం వేస్తాడు. బురుజు మీద కాగుతున్న నూనె దగ్గర గరిటె పట్టుకున్నవాడు, ఇంత నూనె ఎవరి పెళ్లి వంటకో అని కిందివాళ్లను కేకేసి కనుక్కుంటాడు. గోడ మీది నుంచి చూస్తే మైదానం నిండా గుడారాలు కనిపిస్తున్నాయి. తీర్థానికి వచ్చినవాళ్లేమోనని అనుకుంటారు. అంతవరకు నవ్వు వస్తుంది.

తరువాత, నిన్న గోడ మీద భర్త పోయిన ఆమె దగ్గరికి వెళ్లండి. శవం ఉంది, గుండెలో బాణం ఉంది, దుఃఖం ఉంది. “ఎవరు చంపారు” అన్న ప్రశ్న ఆమె మనసులో అలాగే ఉంది, ఎందుకంటే మీ అస్త్రం ‘హంతకుడు’ అన్న భావనను తుడవలేదు, ‘నేరం’ అన్నదాన్ని తుడవలేదు. శత్రువు అన్న జవాబు మాత్రమే పోయింది. ఇక ఆమె హంతకుణ్ణి ఎక్కడ వెతుకుతుంది? కోట లోపలే వెతుకుతుంది. ఆ బాణం ఏ విలుకాడిదో, నిన్న భర్త పక్కన ఎవరు నిలబడ్డారో, అతనికి తన భర్తతో పాత తగాదా ఏమైనా ఉన్నదేమో అని అడగడం మొదలుపెడుతుంది. ఇలాంటి ఇల్లాళ్లు ఆ కోటలో ఎందరో ఉంటారు. తెల్లవారేసరికి కత్తులు దిగి ఉండవు. పక్కవాడి మీదికి తిరిగి ఉంటాయి. శత్రువు లేకుండా పోయినందువల్ల ఆ కోట శాంతించదు, శత్రుత్వం మొత్తం ఇంటిలోకి వస్తుంది.

ప్రయోగించినవాడి అవస్థ కూడా చూడండి. మీ సేనాపతి తెరిచిన తలుపులోంచి విజేతగా లోపలికి వస్తాడు. తాళంచెవులు పళ్లెంలో పెట్టి ఎవరైనా ఎదురువస్తారని చూస్తాడు. లొంగిపోవాలంటే ఎదుట శత్రువు ఉండాలి. వీళ్లకు అతను దారి తప్పిన అతిథిలాగానో, తగాదా తీర్చమని అడగదగిన పెద్దమనిషిలాగానో కనబడతాడు. ఏళ్ల తరబడి ఈ రాజ్యం తన ముందు తల వంచాలని కోరుకున్నవాడికి, తాను గెలిచానని ఒప్పుకునేవాడు ఆ ఊళ్లో ఒక్కడు కూడా దొరకడు. ఒకవేళ అస్త్రప్రభావం తన సైన్యానికి కూడా సోకితే, వాళ్లు ఇక్కడికి ఎందుకు వచ్చారో వాళ్లకే తెలియదు. ఈ రెండు పరిణామాలను చూపిస్తే మీ అస్త్రానికి వేరే హద్దు అక్కరలేదు. దాన్ని రెండోసారి వాడాలంటే అతనే వెనకాడతాడు. నారాయణాస్త్రాన్ని మళ్లీ వేయమని దుర్యోధనుడు అడిగితే, అది రెండోసారి వేయరానిదని, వేస్తే వేసినవాడినే చంపుతుందని అశ్వత్థామ చెప్పవలసివచ్చింది. ఆ మాట మీ సేనాపతికి తన అనుభవంలోనే తెలుస్తుంది.

నారాయణాస్త్రం పేరెత్తాను కాబట్టి ఇంకొక మాట. ఆయుధాలు వదిలి, వాహనాలు దిగి నిలబడ్డవాళ్లను అది ఏమీ చేయదు. ఎదిరించాలని మనసులో తలచినవాణ్ణి సైతం వదలదు. అంటే అది ఉద్దేశాన్ని గురి చూస్తుంది. దాన్నుంచి తప్పించుకునే దారి కృష్ణుడు అందరికీ చెప్పినా భీముడికి ఆ దారి అసాధ్యమైంది, ఎందుకంటే ఎదిరించకుండా ఉండటం అతని స్వభావంలో లేదు. కృష్ణార్జునులు అతణ్ణి రథం మీది నుంచి బలవంతంగా లాగి, ఆయుధాలు లాక్కోవలసి వచ్చింది. విరుగుడు అందరికీ తెలిసి ఉండి, ఒక పాత్ర మాత్రమే దాన్ని వాడుకోలేకపోవడం రహస్యమైన విరుగుడు కన్నా చాలా మేలైన కథావస్తువు. మీ నవలలో చివరి వంద పుటల దాకా దాచిపెట్టిన ‘ప్రతిమంత్రం’ స్థానంలో దీన్ని పరిశీలించండి.

అభూతాస్త్రం విషయంలో నా అభిప్రాయం కొంత కటువుగా ఉంటుంది. వాస్తవాన్ని మార్చే శక్తులు ఇతిహాస పురాణాల్లో ఎక్కువగా షరతుల రూపంలో, ముందుకు మాత్రమే పనిచేస్తాయి. హిరణ్యకశిపుడు కోరిన వరం ఒక విధంగా భావనలతో అల్లిన కవచం: లోపల కాదు, బయట కాదు; పగలు కాదు, రాత్రి కాదు; నేల మీద కాదు, ఆకాశంలో కాదు; మనిషి కాదు, మృగం కాదు. ఆ జంటల మధ్య ఖాళీ లేదని అతను నమ్మాడు. గడప దగ్గర, సంధ్యవేళ, తొడ మీద, గోళ్లతో అతణ్ణి చీల్చినవాడు వరాన్ని ఎక్కడా అతిక్రమించలేదు. సైంధవుడి తల నేల మీద పడేసినవాడి తల నూరు ముక్కలవుతుందన్న అతని తండ్రి వృద్ధక్షత్రుడి మాట కొడుకును చంపేవాణ్ణి చంపడానికి ఉద్దేశించినదే. అర్జునుడి బాణాలు ఆ తలను శమంతపంచకంలో సంధ్య వార్చుకుంటున్న ఆ తండ్రి ఒళ్లోనే పడేస్తే, అతను లేచి నిలబడగానే షరతు అతనికే వర్తించింది. ఇక వెనక్కి తీసుకోవడం సంగతి: పరీక్షిత్తును తన కొడుకు శపించాడని తెలిసిన శమీకముని ఎంత నొచ్చుకున్నా, ఆ శాపాన్ని ఉపసంహరించలేక రాజుకు ముందుగా కబురు మాత్రమే పంపగలిగాడు. అన్నమాట అన్నదే అన్న ఈ కాఠిన్యం వల్లనే ఆ కథల్లో బరువు నిలిచింది.

జరిగినదాన్ని జరగనిదిగా చేయగల అస్త్రం ఈ బరువును ఒక్కసారిగా తీసేస్తుంది. దానికి తోడు ఒక చిక్కు ఉంది: యుద్ధం జరగనిదైపోతే, దాన్ని ఆపడానికి అస్త్రం వేయవలసిన అవసరం కూడా జరగనిదే అవుతుంది. ఈ చిక్కును నాలుగు పుటల సంభాషణతో విప్పాలని ప్రయత్నించకండి. దాన్నే నియమంగా చేసుకోండి. వేసినవాడికి తాను వేసినట్టు గుర్తుండదు. ఆయుధాగారపు పద్దు పుస్తకంలో ఏడు బాణాలు జమ రాసి ఉంటాయి. ఖర్చు ఎక్కడా రాసి ఉండదు. అమ్ములపొదిలో నాలుగే ఉంటాయి. దొంగతనం జరగలేదు, ముద్ర చెదరలేదు. అంటే మూడుసార్లు ఎవరో దాన్ని వేశారు, ఏ మూడు సంఘటనలు ఈ లోకంలోంచి పోయాయో బతికున్నవాళ్లలో ఎవరికీ తెలియదు. ఆ పద్దులు చూసే గుమాస్తాను మీ ప్రధాన పాత్రల్లో ఒకడిగా చేయమని నా సలహా. నాలుగో బాణం వేయాలా వద్దా అని రాజు తర్జనభర్జన పడుతున్నప్పుడు, ముందు వేసిన మూడూ ఇలాగే తర్జనభర్జన పడి వేసినవేనని గుమాస్తాకు మాత్రమే అనుమానం వస్తుంది. పాఠకుడు ఆ అస్త్రాన్ని చూసి భయపడేది ఈ చోటనే, అది గాలిలో మెరుస్తూ వెళ్లే చోట కాదు.

చివరిగా రచనా విధానం గురించి ఒక సూచన. మీ మూడో అధ్యాయం కోటలోని పాత్రల వైపు నుంచి సాగుతున్నది. అస్త్రం తగిలిన పేరా తరువాత కూడా మీ కథకుడు “శత్రుసేన గుడారాలు”, “పగవాళ్లు” అంటూనే ఉన్నాడు. అంటే పాత్రలు మరిచిపోయినా కథనం మరిచిపోలేదు. ఆ క్షణం నుంచి అధ్యాయం ముగిసేదాకా శత్రువు, పగవాడు, వైరి, ముట్టడి, దండయాత్ర వంటి మాటలు కథనంలో ఒక్కటి కూడా పడకుండా తిరగరాయండి. “మైదానంలో గుడారాలు వేసుకున్నవాళ్లు” అని మాత్రమే రాయగలిగే ఇబ్బందిని మీరు అనుభవించండి. పాఠకుడికి ఆ మాట తెలుసు, అతని నాలుక మీదే ఉంటుంది, మీ వాక్యం మాత్రం దాన్ని పలకదు. మాటలు తీసేశాక అధ్యాయం పొడవు పెరుగుతుంది, పెరగనివ్వండి. సైనికులు కత్తులు దించే పేరాను ఇప్పటికి పక్కన పెట్టి, నూనె దగ్గర నిలబడ్డవాడితో మొదలుపెట్టండి.